కథలోని లోకానికీ క్యాలెండరు కావాలి

మా తొమ్మిదో తరగతి అమ్మాయి ఒకతె సెలవుల్లో కథ రాసి, తెచ్చి చూపించింది. ఆ కథ జరిగేది భూమ్మీద కాదు, ఎక్కడో ఆకాశంలో ఉన్న ఒక లోకంలో. అక్కడ చందమామలు రెండు. ఒకటి పెద్దది, ఒకటి చిన్నది. ఏటా తొలకరి వాన పడే వేళకు అక్కడివాళ్లు విత్తుల పండుగ చేసుకుంటారు. మన ఏరువాక పున్నమి లాంటిదన్నమాట. ఆ రాత్రి రెండు చందమామలూ నిండుగా వెలుగుతూ ఉంటాయి. ఆ వెన్నెట్లోనే రైతులు విత్తనాలు చల్లుతారు.

"చాలా బాగుందమ్మా. ఇంతకీ ఆ లోకంలో ఏడాదికి ఎన్ని రోజులు?" అని అడిగాను.

కాసేపు ఆలోచించి, "మూడువందల ముప్ఫై మాస్టారూ" అంది.

"సరిగ్గా మూడువందల ముప్ఫయ్యేనా? మరి చందమామలు ఎన్నాళ్లకోసారి నిండుతాయి?"

"పెద్దది 27 రోజులకు, చిన్నది 11 రోజులకు. అయినా నా ఇష్టం కదా మాస్టారూ! నేను కల్పించిన లోకమేగా!"

ఆ అమ్మాయి అన్నదాంట్లో సగం నిజముంది. లోకాన్ని మన ఇష్టం వచ్చినట్టు కల్పించుకోవచ్చు. కాని ఏడాదికి ఇన్ని రోజులు, పున్నమికీ పున్నమికీ మధ్య ఇన్ని రోజులు అని ఒకసారి చెప్పేశాక, ఆ లోకపు క్యాలెండరు మన ఇష్టాన్నిబట్టి నడవదు. లెక్కనుబట్టి నడుస్తుంది. అది ఎలాగో చూద్దాం. ఒక పెన్సిలు, కాగితం దగ్గర పెట్టుకోండి.

ఆకాశం ఇచ్చే మూడు కొలతలు

కాలాన్ని కొలవడానికి ఆకాశం మనకు మూడు కొలబద్దలు ఇచ్చింది. మొదటిది రోజు. భూమి తన చుట్టూ తాను తిరగడంవల్ల ఒక మధ్యాహ్నం నుంచి మరో మధ్యాహ్నం వరకు పట్టే కాలం ఇది. రెండోది నెల. చంద్రుడు భూమి చుట్టూ తిరగడంవల్ల ఒక పున్నమి నుంచి మరో పున్నమి వరకు పట్టే కాలం. మూడోది సంవత్సరం. భూమి సూర్యుని చుట్టూ ఒకసారి తిరిగిరావడానికి, అంటే రుతువులన్నీ ఒక చుట్టు తిరిగి మళ్లీ మొదటికి రావడానికి పట్టే కాలం.

ఈ మూడు తిరుగుళ్లూ దేనికదే. ఒకదాని సంగతి మరొకదానికి పట్టదు. అందుకే వీటిలో ఏ ఒక్కటీ మరొకదాన్ని సరిగ్గా భాగించదు. మన సంవత్సరంలో ఉన్నవి 365 రోజులు కావు. 365 రోజుల 5 గంటల 48 నిమిషాల 46 సెకండ్లు. దశాంశాల్లో చెప్పాలంటే 365.2422 రోజులు. మన చాంద్రమాసం 29.53 రోజులు. భాగహారం చేసినప్పుడల్లా చివర శేషం మిగులుతుంది. ఆ శేషాన్ని ఏం చెయ్యాలి? మనుషులు ఇన్ని వేల ఏళ్లుగా తయారుచేసిన క్యాలెండర్లన్నీ ఈ ఒక్క ప్రశ్నకు చెప్పిన జవాబులే.

సంవత్సరం గురించి ఇంకో మాట. భూమి అక్షం 23.5 డిగ్రీలు వాలి ఉంది కాబట్టి మనకు ఎండాకాలం, చలికాలం వస్తున్నాయి. గురుగ్రహం అక్షం వాలింది సుమారు 3 డిగ్రీలే. అందుకే అక్కడ రుతువుల తేడా దాదాపు తెలియదు. కాబట్టి మీ కథలో వానాకాలం, చలికాలం కావాలనుకుంటే ముందు మీ లోకపు అక్షాన్ని కాస్త వంచండి.

రోజు సంగతి కూడా తేలిగ్గా తీసుకోకూడదు. బుధగ్రహం సూర్యుని చుట్టూ తిరగడానికి మన లెక్కలో 88 రోజులు పడుతుంది. కాని అక్కడ ఒక సూర్యోదయం నుంచి మరో సూర్యోదయానికి 176 రోజులు కావాలి. అంటే ఒక పగలూ ఒక రాత్రీ గడిచేసరికి రెండేళ్లు పూర్తవుతాయి! అక్కడ కాపురముండేవాళ్లకు గోడమీద తారీకులు వేసుకోవలసిన పనే ఉండదు.

0.3 చేసే అల్లరి

మా అమ్మాయి లోకానికి వద్దాం. ఏడాదికి సరిగ్గా 330 రోజులుండటం ఆకాశంలో జరిగే పని కాదని చెప్పి, ఇద్దరం కలిసి 330.3 రోజులని ఒప్పుకున్నాం. "పది పాళ్లలో మూడు పాళ్లేగా మాస్టారూ, వదిలేద్దాం" అంది. సరే, వదిలేసి చూద్దాం.

క్యాలెండరులో 330 రోజులే ఉన్నాయనుకోండి. క్యాలెండరు ప్రకారం కొత్త సంవత్సరం వచ్చేసింది. కాని ఆ గ్రహం తన చుట్టు పూర్తిచెయ్యడానికి ఇంకా 0.3 రోజు మిగిలే ఉంది. పదేళ్లకు ఈ తేడా 3 రోజులవుతుంది. వందేళ్లకు 30 రోజులు. తాతగారి రోజుల్లో విత్తుల పండుగనాడు వాన పడేది. మనవడి కాలానికి అదే తారీకున నేల నెర్రెలు విచ్చి ఉంటుంది. క్యాలెండరును నమ్మి విత్తనం చల్లితే ఆ ఏడు గింజలు దుమ్ములో కలుస్తాయి. వదిలేసిన ఆ చిన్న శేషం ఒక ఊరి తిండిగింజల్ని తినేస్తుంది.

దీనికి మందు తేలికైనదే. పదేళ్లలో మూడు రోజులు తక్కువవుతున్నాయి కాబట్టి, పదేళ్లలో మూడేళ్లకు తలా ఒక రోజు కలపాలి. మూడో ఏడు, ఆరో ఏడు, పదో ఏడు లీపు సంవత్సరాలన్నమాట. వాటిలో 331 రోజులుంటాయి. మూడో ఏటి చివరకు పేరుకున్నది 0.9 రోజు. ఒక రోజు కలిపితే 0.1 ఎక్కువైంది. ఇలాగే పదేళ్లదాకా లెక్కవేసి చూడండి. చివరకు శేషం సున్నా వస్తుంది.

ఆ లోకపు మనుషులకు ఆ 0.3 సంగతి ఎలా తెలుస్తుందని అడగవచ్చు. ఎక్కువకాలం లెక్కపెట్టడమే ఉపాయం. సూర్యుడు ఏడాది పొడుగునా ఒకేచోట ఉదయించడు. కొన్నాళ్లు ఉత్తరానికి, కొన్నాళ్లు దక్షిణానికి జరుగుతాడు. బాగా ఉత్తరానికి చేరి వెనక్కి మళ్లే రోజును ఒక కొండ శిఖరంతోనో, చెట్టుతోనో గుర్తుపెట్టుకుని, అక్కడినుంచి పదేళ్లపాటు రోజులు లెక్కపెడితే 3303 వస్తాయి. పదితో భాగిస్తే 330.3. ఒక్క ఏడాది లెక్కలో దొరకని దశాంశం పదేళ్ల లెక్కలో దొరుకుతుంది. మీరు కూడా మీ డాబామీదనుంచి సూర్యుడు ఏ చెట్టు పక్కనుంచి పైకి వస్తున్నాడో వారానికోసారి గుర్తు వేసుకోండి. సూర్యుణ్ణి మాత్రం నేరుగా చూడకండి. వెలుగు వచ్చే చోటు గమనిస్తే చాలు.

మన భూమ్మీదా జరిగింది

ఇది కథల్లో వచ్చే చిక్కే అనుకోకండి. రోములో జూలియస్ సీజర్ పాత క్యాలెండరును సరిచేసేనాటికి అది రుతువులకు ఎంతో దూరమైపోయింది. దాన్ని దారిలో పెట్టడానికి క్రీస్తుపూర్వం 46వ సంవత్సరానికి ఏకంగా 445 రోజులు ఇవ్వవలసి వచ్చింది. ఆ మరుసటి ఏడాది నుంచి నాలుగేళ్లకోసారి లీపు సంవత్సరం వచ్చే పద్ధతి మొదలైంది. అంటే సంవత్సరానికి 365.25 రోజులన్నమాట.

అసలు సంవత్సరం 365.2422 రోజులని చెప్పుకున్నాం కదా! ఇక్కడ తేడా సుమారు 11 నిమిషాలు మాత్రమే. అయినా 128 ఏళ్లకు అది ఒక రోజవుతుంది. పదహారో శతాబ్దానికి, మార్చి 21న రావలసిన విషువత్తు, అంటే పగలూ రాత్రీ సమానమయ్యే రోజు, మార్చి 11కే వచ్చేస్తున్నది. అప్పుడు పోప్ పదమూడో గ్రెగరీ 1582లో పది రోజులు తీసేయించాడు. ఆ ఏడు అక్టోబరు 4 గురువారం. ఆ మర్నాడు అక్టోబరు 15 శుక్రవారం! ఇకమీదట తేడా రాకుండా, శతాబ్ది సంవత్సరాల్లో 400తో భాగింపబడేవే లీపు సంవత్సరాలని నియమం పెట్టారు. అందుకే 1900 లీపు సంవత్సరం కాలేదు, 2000 అయింది.

మన ఇంట్లోనే మరో ఉదాహరణ ఉంది. మకర సంక్రాంతితో ఉత్తరాయణం మొదలవుతుందంటాం. కాని సూర్యుడు దక్షిణపు కొసనుంచి ఉత్తరానికి మళ్లేది డిసెంబరు 22 ప్రాంతంలో. సంక్రాంతి వచ్చేది జనవరి 14 లేదా 15న. ఎందుకీ తేడా? మన పంచాంగాలు సూర్యుడు నక్షత్రాల మధ్య ఒక చుట్టు తిరిగిరావడాన్ని సంవత్సరంగా తీసుకుంటాయి. అది రుతువుల సంవత్సరంకన్నా సుమారు 20 నిమిషాలు పెద్దది. ఏ ఒక్క ఏడాదిలోనూ ఎవరికీ తెలియని ఆ 20 నిమిషాలు 70 ఏళ్లకు దాదాపు ఒక రోజవుతాయి. శతాబ్దాల తరబడి పేరుకుని మూడు వారాలు దాటాయి. 1952లో మేఘనాద్ సాహా అధ్యక్షతన ఏర్పడిన క్యాలెండరు సంస్కరణ సంఘం ఈ సంగతులన్నీ పరిశీలించింది. దాని సిఫారసులనుబట్టే 1957 మార్చి 22న, శక సంవత్సరం 1879 చైత్రం ఒకటో తేదీతో, మన జాతీయ క్యాలెండరు అమల్లోకి వచ్చింది.

చందమామతో పేచీ

ఇప్పుడు నెలల సంగతి. మా అమ్మాయి ముందు రెండు దారులున్నాయి. చందమామను పట్టించుకోనక్కరలేదనుకుంటే పని సుళువు. 330 రోజుల్ని 30 రోజుల చొప్పున పదకొండు నెలలు చెయ్యవచ్చు. లీపు సంవత్సరంలో చివరి నెలకు ఒక రోజు కలపవచ్చు. కాని అప్పుడు పున్నమి ఏ తారీకున వస్తుందో చెప్పలేం. మనం వాడే జనవరి, ఫిబ్రవరి నెలలు ఇలాంటివే.

"అలా వద్దు మాస్టారూ, నెల మొదటి రోజునే పెద్ద చందమామ నిండాలి" అంది. అలాగైతే నెలకు 27 రోజులు. పన్నెండు నెలలకు 324 రోజులు. ఏడాదికి ఇంకా 6.3 రోజులు మిగిలాయి. వీటిని వదిలేస్తే ఏమవుతుందో మీకిప్పుడు తెలుసు. పండుగ ఏటా ఆరేసి రోజులు ముందుకు జరుగుతూ అన్ని రుతువులూ చుట్టివస్తుంది.

అలా జరగనివ్వడం కూడా ఒక పద్ధతే. హిజ్రీ క్యాలెండరు పూర్తిగా చంద్రుణ్ణే అనుసరిస్తుంది. అందుకే రంజాన్ నెల ఏటా 11 రోజులు ముందుగా వస్తూ, సుమారు 33 ఏళ్లలో అన్ని రుతువులూ తిరిగివస్తుంది. మన తెలుగు నెలలు కూడా చంద్రుణ్ణిబట్టే నడుస్తాయి. పన్నెండు నెలలకు 354 రోజులే వస్తాయి. కాని మనవాళ్లు ఆ 11 రోజుల లోటును పేరుకోనిచ్చి, ఒక నెలకు సరిపడేసరికి ఒక అధిక మాసం చేరుస్తారు. సుమారు 32, 33 నెలలకోసారి అధిక మాసం వచ్చేది అందుకే. అది లేకపోతే జ్యేష్ఠంలో వచ్చే ఏరువాక పున్నమి తొలకరిని విడిచి ఎండాకాలంలోకో, చలికాలంలోకో పోయేది.

మా అమ్మాయి లోకానికి ఎన్ని అధిక మాసాలు కావాలి? ముప్ఫై ఏళ్లకు లోటు 6.3 × 30 = 189 రోజులు. దాన్ని 27తో భాగిస్తే సరిగ్గా 7. ముప్ఫై ఏళ్లలో ఏడు అధిక మాసాలు చేరిస్తే చందమామ, రుతువులు మళ్లీ ఒకచోట కలుస్తాయి. మన భూమికి ఇలాంటి లెక్క 19 ఏళ్లకు 7 అధిక మాసాలు. 19 సంవత్సరాలకూ, 235 చాంద్రమాసాలకూ మధ్య తేడా సుమారు రెండు గంటలే. ప్రాచీన గ్రీకులో మెటన్ అనే ఆయన ఈ చక్రాన్ని వాడాడు కాబట్టి దీన్ని మెటన్ చక్రం అంటారు.

రెండు పున్నములు కలిసేదెప్పుడు?

ఇక కథలో అసలు ఘట్టానికి వద్దాం. విత్తుల పండుగనాడు ఏటా రెండు చందమామలూ నిండుగా ఉంటాయని కదా అమ్మాయి రాసింది! పెద్దది 27 రోజులకు, చిన్నది 11 రోజులకు నిండుతాయి. ఒకనాడు రెండూ కలిసి నిండితే మళ్లీ కలిసేదెప్పుడు? ఇది మీరు చిన్న తరగతుల్లో చేసిన కనిష్ఠ సామాన్య గుణిజం లెక్కే. 27 × 11 = 297 రోజులు.

ఏడాదికేమో 330.3 రోజులు. కాబట్టి జంట పున్నమి ఏటా 33.3 రోజులు ముందుకు జరిగిపోతుంది. మళ్లీ విత్తుల కాలానికి ఎప్పుడు వస్తుంది? పది జంట పున్నములకు 2970 రోజులు. తొమ్మిది సంవత్సరాలకు 2972.7 రోజులు. చూశారా! ఏటా రాదుగాని, తొమ్మిదేళ్లకోసారి దాదాపు అదే రోజుకు వస్తుంది. 2.7 రోజులు మాత్రం ముందుగా వస్తుంది.

ఈ లెక్క చూసి మొదట అమ్మాయి ముఖం చిన్నబోయింది. కాసేపటికి తనే, "అయితే మాస్టారూ, తొంభై ఏళ్లకు అది 27 రోజులు ముందే వచ్చేస్తుందిగా!" అంది. ఆ మాట దగ్గరే ఆమె కథ కొత్తగా మొదలైంది.

వారం ఎవరి సృష్టి?

రోజు, నెల, సంవత్సరం ఆకాశంనుంచి వచ్చాయి. వారం మాత్రం అలా కాదు. ఏడు రోజులకోసారి ఆకాశంలో తిరిగివచ్చేది ఏదీ లేదు. సూర్యుడు, చంద్రుడు, కంటికి కనిపించే అయిదు గ్రహాలు కలిపి ఏడుకు ఏడు పేర్లు పెట్టుకున్నాం, అంతే. కాబట్టి వారాన్ని మీ ఇష్టం వచ్చినట్టు కల్పించుకోవచ్చు.

కాని ఇక్కడా ఒక మాట గుర్తుంచుకోవాలి. ఫ్రెంచి విప్లవకారులు 1793లో కొత్త క్యాలెండరు తెచ్చారు. 30 రోజుల చొప్పున పన్నెండు నెలలు, నెలకు పదేసి రోజుల వారాలు మూడు, ఏడాది చివర అయిదో ఆరో అదనపు రోజులు. లెక్క చక్కగానే ఉంది. కాని ఏడు రోజులకు దొరికే సెలవు పది రోజులకు దొరికితే పనిచేసేవాళ్లకు ఎలా ఉంటుందో మీరే ఊహించండి. 1806 జనవరి 1 నుంచి ఫ్రాన్సు పాత క్యాలెండరుకు తిరిగి వెళ్లింది. క్యాలెండరు ఆకాశానికి సరిపోతే చాలదు, మనుషులకూ సరిపోవాలి.

ఇలాంటి పని చేసిన పెద్దలు

కథకోసం క్యాలెండరు తయారుచెయ్యడం పిల్లలాట అనుకునేరు. ఇంగ్లీషు రచయిత టోల్కీన్ 1954, 1955 సంవత్సరాల్లో వెలువడిన తన 'లార్డ్ ఆఫ్ ది రింగ్స్' చివర, హాబిట్లనే పొట్టివాళ్ల క్యాలెండరు ఇచ్చాడు. నెలకు 30 రోజుల చొప్పున పన్నెండు నెలలు, ఏ నెలలోనూ చేరని పండుగ రోజులు అయిదు. ఆ అయిదింటిలో ఏడాది నడుమ వచ్చే ఒక రోజుకు వారం పేరు ఉండదు. మిగిలిన 364 రోజులు సరిగ్గా 52 వారాలు. అందువల్ల ఏ తారీకు ఏ వారమో ఒకసారి తెలిస్తే చాలు, ఏటా అదే వస్తుంది. కథలో చంద్రకళలు తప్పకుండా ఉండాలని కూడా ఆయన ఎంతో శ్రద్ధ తీసుకున్నాడు.

కథ కాని లోకానికీ క్యాలెండరు సిద్ధమైంది. అంగారకుడిమీద ఒక రోజు 24 గంటల 39 నిమిషాల 35 సెకండ్లు. సంవత్సరానికి ఆ రోజులు సుమారు 668.6. అమెరికాకు చెందిన థామస్ గాంగేల్ 1985లో దీనికి 24 నెలల క్యాలెండరు రూపొందించాడు. తన కుమారుడు డేరియస్ పేరుమీద దానికి డేరియన్ క్యాలెండరు అని పేరు పెట్టాడు. నెలకు 28 రోజులు, ప్రతి ఆరో నెలకు 27 రోజులు. మొత్తం 668. శేషం 0.6 కాబట్టి పదేళ్లలో ఆరేళ్లకు 669 రోజులు ఉంటాయి. మీకు నచ్చే సంగతి ఇంకొకటుంది. ఆ నెలల పేర్లు రాశుల పేర్లే, లాటినులో ఒకటి, సంస్కృతంలో ఒకటి. ధనుస్సు, మకరం, కుంభం అక్కడ నెలలన్నమాట! అంగారకుడిమీద ఇంకా మనిషి కాపురం పెట్టలేదు. కాని అక్కడ దిగిన రోవర్లను నడిపిన శాస్త్రజ్ఞులు మొదటి వారాల్లో అక్కడి రోజునుబట్టే నిద్రా, పనీ మార్చుకున్నారు. రోజూ 40 నిమిషాల చొప్పున వాళ్ల ఉదయం వెనక్కి జరిగేది.

మీ వంతు

ఇప్పుడు మీరొక లోకాన్ని కల్పించండి. అక్కడ ఏడాదికి 212.4 రోజులు. ఒకటే చందమామ, అది 30 రోజులకోసారి నిండుతుంది. ఎన్నేళ్లలో ఎన్ని లీపు సంవత్సరాలు కావాలి? చందమామనుబట్టి ఏడు నెలల సంవత్సరం పెట్టుకుంటే ఎన్నేళ్లలో ఎన్ని అధిక మాసాలు కావాలి? జవాబులు ఈ వ్యాసం చివర ఉన్నాయి. ముందే చూడకండి.

మా అమ్మాయి కథ ఏమైందో చెప్పలేదు కదూ! తిరగరాసి తెచ్చింది. కొత్త కథలో ఆ ఊరి పెద్దలు, "తొమ్మిదేళ్లకోసారి జంట పున్నమి వస్తుంది. ఆ రాత్రి విత్తితే పంట రెట్టింపవుతుంది" అని తాతల మాటను నమ్ముకుని ఉంటారు. ఆ మాట పుట్టి తొంభై ఏళ్లయింది. ఊరివాళ్లు విత్తనాల బుట్టలు పట్టుకుని పొలాలకు బయలుదేరతారు. ఒక పిల్ల మాత్రం వాళ్ల అవ్వ ఇంటి గోడమీద తరతరాలుగా గీసి ఉన్న గీతలు లెక్కపెట్టి, "ఆగండి, వాన ఇంకా 27 రోజులకుగాని రాదు" అంటుంది. ఆమె మాట ఎవరు విన్నారో, ఎవరు వినలేదో, ఎవరి గాదెలు నిండాయో అదే కథ.

మొదటి కథలో వెన్నెల మాత్రమే ఉంది. రెండో కథలో వెన్నెలతోపాటు ఆకలి భయం ఉంది, తెలివి ఉంది. ఆ రెండూ ఎక్కడినుంచి వచ్చాయి? 2.7 అనే చిన్న శేషంనుంచి. లెక్కల నోటుబుక్కులో శేషం వచ్చినప్పుడు ఇకమీదట విసుక్కోకండి.

(జవాబులు: అయిదేళ్లలో రెండు లీపు సంవత్సరాలు. ఇరవై అయిదేళ్లలో రెండు అధిక మాసాలు.)